1913లో లిఫ్ట్ దిగి వెళ్ళిపోయిన గజదొంగ

మీరు అడిగింది ఇదీ: యూట్యూబ్‌లో ఏదో పాత ఫ్రెంచ్ మూకీ సినిమా తగిలింది. అందులో ఒక దొంగ పెద్ద హోటల్లో ఒక రాకుమారి గదిలో దూరి, డబ్బూ నగలూ పట్టుకుని, లిఫ్ట్‌లో కిందికి దిగి, ముందు గుమ్మం గుండానే వెళ్ళిపోయాడు. కెమెరా కదల్లేదు, క్లోజప్‌లు లేవు, మాట లేదు, అయినా టెన్షన్ వచ్చింది. అదెలా? హైస్ట్ సినిమాల్లో, అంటే పథకం వేసి చేసే దొంగతనాల సినిమాల్లో, మొదటిది ఇదేనా? ఇలాంటివి ఇంకేం చూడొచ్చు?

మీరు చూసింది 'ఫాంటోమాస్' మొదటి భాగం. దర్శకుడు లూయీ ఫెయాడ్, తీసింది పారిస్‌లోని గోమోన్ కంపెనీ, దొంగ వేషం రెనే నవార్‌ది. 1913 మే 9న పారిస్‌లో విడుదలైంది. అంతకు ఆరు రోజుల ముందు, మే 3న, బొంబాయి కారొనేషన్ థియేటర్లో ఫాల్కే గారి 'రాజా హరిశ్చంద్ర' విడుదలైంది. అబద్ధమాడనివాడూ, నిజం చెప్పనివాడూ ఒకే వారంలో తెర మీదికి వచ్చారన్నమాట.

నేను ముప్పై ఏళ్ళు ఎడిటింగ్ గదుల్లో గడిపాను. మొదట మూవియోలా, తర్వాత స్టీన్‌బెక్ అనే ఎడిటింగ్ యంత్రాలు, చివరికి కంప్యూటర్. ఇప్పుడు అప్పుడప్పుడు కుర్రాళ్ళకు పాఠాలు చెబుతుంటాను. ఈ హోటల్ ఘట్టాన్ని వాళ్ళకు ఎన్నిసార్లు వేసి చూపించానో లెక్కలేదు. అందుకని కాస్త పెద్దగానే రాస్తున్నాను, ఓపిక పట్టండి.

ముందు జరిగింది వరసగా చెప్పుకుందాం. హోటల్ పేరు రాయల్ ప్యాలెస్. అందులో సోనియా దానిదోఫ్ అనే రాకుమారి దిగింది. ఆమె చేతికి 1,20,000 ఫ్రాంకుల నోట్లు అందుతాయి. వాటిని తన గదిలో పెట్టుకుంటుంది. ఆ గదిలో పరదా వెనక అప్పటికే ఒక మనిషి ఉన్నాడు. అతన్ని మనం చూస్తాం, ఆమె చూడదు. కాసేపటికి అతను బయటికి వస్తాడు, ఇద్దరూ ఎదురుపడతారు. అతనిలో కంగారు లేదు. పిలిస్తే వచ్చిన అతిథిలా నిలబడి, తన విజిటింగ్ కార్డు తీసి ఇస్తాడు. దాని మీద ఒక్క అక్షరం లేదు. ఇక డబ్బూ ముత్యాలూ తీసుకుని వెళ్ళిపోతాడు. ఆమె తేరుకుని హోటల్ వాళ్ళను లేపుతుంది. ఈలోగా దొంగ లిఫ్ట్ దగ్గరికి చేరి, దాన్ని నడిపే కుర్రాణ్ణి లొంగదీసి, వాడి యూనిఫాం తొడుక్కుంటాడు. లిఫ్ట్ దిగుతుంది. కింద తలుపు తెరుచుకుంటే బయటికి వచ్చేది లిఫ్ట్ బాయ్. హోటలంతా దొంగ కోసం గగ్గోలు పెడుతుంటే ఆ దొంగే వాళ్ళ మధ్య నుంచి వీధిలోకి నడిచిపోతాడు. పైన రాకుమారి దగ్గరున్న ఖాళీ కార్డు మీద అక్షరాలు మెల్లగా తేలతాయి: ఫాంటోమాస్.

అంతే కథ. తుపాకీ పేలలేదు, గోడ పగలలేదు, తాళం కూడా విరగలేదు.

నేను చేసిన ఒక వెధవ పని చెబుతాను. కొన్నేళ్ళ కిందట ఈ ఘట్టాన్ని ఇప్పటి పద్ధతిలో కత్తిరిస్తే ఎలా ఉంటుందో చూద్దామని కూర్చున్నాను. మంచి కాపీ ఉంది కాబట్టి ఫ్రేమును పెద్దది చేసి క్లోజప్‌లు తయారుచేశాను. రాకుమారి మొహం ఒకటి, సొరుగు దగ్గర చెయ్యి ఒకటి, పరదా అంచు ఒకటి. మధ్యమధ్యలో దొంగ కళ్ళు. కింద గుండె దడలా కొట్టుకునే ఒక చప్పుడు. రెండు వెర్షన్లూ పిల్లలకు పక్కపక్కన చూపించాను. నేను కత్తిరించింది చూస్తూ ఒకడు ఫోన్ తీశాడు. ఫెయాడ్‌ది వేసినప్పుడు ఆ కుర్రాడే ముందుకు వంగి కూర్చున్నాడు. నాకు చిన్నతనంగానే అనిపించింది గానీ, మీ మొదటి ప్రశ్నకు జవాబు ఆ రోజే సరిగ్గా అర్థమైంది.

నేను కత్తిరించినప్పుడు పరదాను ఎప్పుడు చూడాలో నేనే చెప్పేస్తున్నాను. పరదా చూపించాను కాబట్టి భయపడండి, మొహం చూపించాను కాబట్టి ఇప్పుడు జాలిపడండి, అని. చూసేవాడికి పని లేదు. ఫెయాడ్ తీసిన దాంట్లో గది గదిలాగే ఉంది. పరదా ఎప్పుడూ ఫ్రేములోనే ఉంది. ఆ అమ్మాయి అటూ ఇటూ తిరుగుతుంటే మన కన్ను ఆమె వెంట వెళ్ళి, మళ్ళీ తనంతట తానే పరదా దగ్గరికి వస్తుంది. వద్దనుకున్నా వస్తుంది. ఆ తిరుగుడే టెన్షన్. నాటకం ఆడుతుంటే ముందు వరసలో కూర్చున్న పిల్లలు "వెనకాల ఉన్నాడు, వెనకాల ఉన్నాడు" అని అరుస్తారే, అదే ఇది. నాటకంలో మొహాలకు క్లోజప్ ఉంటుందా? లేదు. అయినా ఆ పిల్లలను ఆపగలమా?

కెమెరా కదలకపోవడం చేతకానితనం కాదని చెప్పడానికే ఇదంతా. అవసరం కూడా కొంత ఉందనుకోండి. ఆ రోజుల్లో కెమెరాను చేత్తో తిప్పాలి. సెకనుకు రెండు చుట్లు, చుట్టుకు ఎనిమిది ఫ్రేములు, అంటే సెకనుకు 16. పారిస్‌లో బ్యూత్ షోమోన్ దగ్గర గోమోన్ స్టూడియో ఉండేది, పేరు సితే ఎల్జే. ఎల్జే అంటే యజమాని లేయోన్ గోమోన్ పేరు, ఇంటిపేరుల మొదటి అక్షరాలు, ఎల్, జీ, వాటినే ఫ్రెంచ్‌లో అలా పలుకుతారు. కప్పు అంతా అద్దాలు, ఎక్కువగా ఎండ వెలుగే ఆధారం. ఫిల్మ్ ఎరుపు రంగును పట్టదు, ఎర్రటి గుడ్డ నల్లగా పడుతుంది, నీలాకాశం తెల్లగా పాలిపోతుంది. ఇన్ని ఇబ్బందుల మధ్య కెమెరా స్థానం మార్చిన ప్రతిసారీ డబ్బూ పొద్దూ ఖర్చే. అందుకని ఫెయాడ్ కెమెరాను వదిలేసి మనుషులను కదిపాడు. ముందుకు వచ్చినవాడు పెద్దగా కనిపిస్తాడు, వెనక గుమ్మంలో నిలబడ్డవాడు చిన్నగా. ఒకడు పక్కకు జరిగితే వాడి వెనకున్న తలుపు బయటపడుతుంది. క్లోజప్‌తో మనం చేసే పనినే ఆయన నటుల అడుగులతో చేశాడు. ఉత్తరాలు, కార్డుల లాంటివి చదవాల్సి వచ్చినప్పుడు మాత్రం దగ్గరగా చూపిస్తాడు. ఆ కార్డు అంత గుర్తుండిపోవడానికి ఇదీ ఒక కారణమే. ఆయన కెమెరా దగ్గరగా చూపించిన వస్తువులు బహు తక్కువ.

లిఫ్ట్ దగ్గర మాత్రం ఫెయాడ్ కట్ చేశాడు. ఒక్కో అంతస్తు తలుపునూ చూపిస్తూ, లిఫ్ట్ వాటిని దాటి దిగుతుండగా మనల్ని కూడా వెంట దింపుతాడు. ఇప్పటి సినిమాల్లో బాంబు మీద ఎర్రంకెలు తగ్గుతుంటాయి చూడండి, దానికి తాత ఈ అంతస్తులే. ఎక్కినవాడు వేరు, దిగబోయేవాడు వేరు, మధ్యలో ఉన్నది మూసిన పెట్టె. కింద ఏ వేషం దిగుతుందో మనకు తెలుసు, గుమ్మం దగ్గరున్నవాళ్ళకు తెలియదు. వాళ్ళెవరూ లిఫ్ట్ బాయ్ మొహం కేసి చూడరు. నాకు ఈ దొంగతనంలో అన్నిటికన్నా తెలివైనదిగా అనిపించేది ఇదే. డబ్బున్న హోటల్లో యూనిఫాం వేసుకున్నవాడికి మొహం ఉండదని ఫాంటోమాస్‌కు తెలుసు. గదిలోకి దొరలా వెళ్ళి, బయటికి నౌకరులా వచ్చాడు.

కార్డు సంగతి ఒకరు కింద అడిగారు, అలాంటి సిరా నిజంగా ఉందా అని. కనిపించని సిరాలు ఉన్నాయి. సిల్వర్ నైట్రేట్‌తో రాసి వెలుగులో పెడితే నల్లబడుతుంది. ఫిల్మ్ మీద బొమ్మ పడేది కూడా వెండి లవణాల వల్లే కాబట్టి ఈ గారడీ సినిమావాళ్ళకు చుట్టమే. అయితే తెర మీద ఇలాంటివి చూపించడానికి అప్పట్లో సిరాతో పనిలేదు. కెమెరా తిప్పుతూ చుట్లు లెక్కపెట్టుకుంటూ మెల్లగా వెలుగు మూసేస్తారు. లెన్సుకు మూత పెట్టి, అదే లెక్కన ఫిల్మును వెనక్కి చుడతారు. ఖాళీ కార్డు తీసి రాసిన కార్డు పెట్టి, మళ్ళీ అదే లెక్కతో వెలుగు తెరుస్తారు. ఒక చుట్టు లెక్క తప్పిందా, ముక్క మొత్తం పోయినట్టే. ఒక బొమ్మ కరిగి ఇంకో బొమ్మ తేలే ఈ పనినే డిజాల్వ్ అంటారు. మా రోజుల్లో ల్యాబులో చేయించుకున్న ఆ డిజాల్వ్‌ను వాళ్ళు కెమెరాలోనే, వేలి లెక్కతో చేశారు.

ఇదే డిజాల్వ్‌ను సినిమా మొదట్లో కూడా చూసి ఉంటారు. కథ మొదలవకముందే రెనే నవార్ మొహం కనిపించి, అతను వేయబోయే వేషాలన్నీ ఒకదానిలోంచి ఒకటిగా కరిగి వస్తాయి. చాలామంది అది టైటిల్స్ అనుకుని దాటేస్తారు. దొంగ ఎవరో చివరిదాకా దాచడం కాదు ఫెయాడ్ పద్ధతి. ముందే చెప్పేస్తాడు. మనకు తెలిశాక, తెలియనివాళ్ళ మధ్య అతన్ని తిప్పుతాడు. మనం హోటల్ మేనేజరు పక్షాన ఉండాల్సింది పోయి, మనకే తెలియకుండా దొంగ పక్కకు చేరిపోతాం. లిఫ్ట్ ఆగిపోతుందేమోనని మీకు భయం వేసింది కదా? ఎవరి కోసం వేసింది?

మీలో కొందరికి ఈపాటికి ఆర్సేన్ లూపిన్ గుర్తొచ్చి ఉంటాడు. లూపిన్ వేరు. 1905లో మోరీస్ లెబ్లాన్ పుట్టించిన ఆ దొంగ సరదా మనిషి, అతన్ని ఇంటికి భోజనానికి పిలవొచ్చు. ఫాంటోమాస్ హంతకుడు. పియేర్ సువెస్త్ర్, మార్సెల్ అలాఁ అనే ఇద్దరు 1911 ఫిబ్రవరి నుంచి నెలకో నవల చొప్పున 32 నవలలు రాసి పడేశారు. అందులో ఈ దొంగకు దయ లేదు, కారణం లేదు, సొంత మొహం కూడా లేదు. మీరు చూసిన భాగంలోనే మరణశిక్ష పడ్డాక తన బదులు ఒక నాటక నటుణ్ణి గిలటిన్ దగ్గరికి పంపించాలని చూస్తాడు. నవలలో ఆ నటుడి తల తెగిపోతుంది. సినిమాలో డిటెక్టివ్ జూవ్ చివరి ఘడియలో వేషం కనిపెట్టి కాపాడతాడు. పాపం, అంత మాత్రం కనికరం చూపించకపోతే ఊళ్ళలో ఆడనిచ్చేవాళ్ళు కాదేమో. నేరాల సినిమాల మీద అప్పటికే ఫ్రాన్స్‌లో కొందరు మేయర్లు కన్నెర్ర చేస్తున్నారు.

వాళ్ళ భయానికీ కారణముంది. 1911 డిసెంబరు 21న పారిస్‌లో ర్యూ ఓర్దెనేర్‌లో బోనో ముఠా బ్యాంకు మనిషిని కాల్చి సొమ్ము లాక్కుని కారులో పారిపోయింది. పోలీసుల దగ్గర గుర్రాలూ సైకిళ్ళూ, దొంగల దగ్గర మోటారు. అదే ఏడాది ఆగస్టు 21న లూవ్ర్ మ్యూజియం నుంచి మోనాలిసా మాయమైంది. ఆ రోజు సోమవారం, మ్యూజియానికి సెలవు. పటం పోయిందని గొడవ మొదలైంది మర్నాడు. ఎత్తుకెళ్ళింది మారువేషాల మాయగాడు కాదు, అంతకుముందు అక్కడే పనిచేసిన విన్చెంజో పెరుజ్జా అనే ఇటలీ పనివాడు. పనివాళ్ళు వేసుకునే తెల్లటి పైచొక్కా వేసుకుని, అందరిలో ఒకడిలా నడిచి బయటికి వెళ్ళిపోయాడు. మన లిఫ్ట్ బాయ్‌కీ ఇతనికీ తేడా ఏముంది చెప్పండి! టికెట్టు కొని వచ్చిన పారిస్ జనానికి ఇదంతా కట్టుకథగా కాదు, పొద్దున చదివిన పేపరులా కనిపించి ఉంటుంది.

రెండో ప్రశ్న, ఇదే మొదటిదా అని. కాదు. 1903లో ఇంగ్లండులోని షెఫీల్డ్‌లో ఫ్రాంక్ మాటర్‌షా 'ఏ డేరింగ్ డేలైట్ బర్గలరీ' తీశాడు. పట్టపగలు ఒకడు ఇంట్లో దూరతాడు, పోలీసులు వెంటబడతారు, కొన్ని నిమిషాల్లో అయిపోతుంది. అదే ఏడాది అమెరికాలో ఎడిసన్ కంపెనీకి ఎడ్విన్ పోర్టర్ తీసిన 'ది గ్రేట్ ట్రెయిన్ రాబరీ' వచ్చింది. దాదాపు 12 నిమిషాలు. దొంగల నాయకుడు సూటిగా మన కేసి తుపాకీ పేల్చే షాట్ దాంట్లోదే. ఆ షాట్‌ను సినిమా మొదట్లో వేసుకోవాలో చివర్లో వేసుకోవాలో థియేటరువాళ్ళ ఇష్టానికే వదిలేశారు! కానీ ఈ రెండిట్లోనూ మనం దొంగల వెంట పరిగెత్తుతాం, అంతే. దొంగకు ఒక పేరు, ఒక దర్జా, 'పనితనం' చూపించుకోవాలనే యావ ఉన్న సినిమాలు ఆ తర్వాతివి. 1905లో రాఫుల్స్ అనే పెద్దమనిషి దొంగను వైటాగ్రాఫ్ కంపెనీ తెరకెక్కించింది. 1911లో ఎక్లేర్ కంపెనీకి విక్టరిన్ జాసే 'జిగోమార్' తీశాడు. ఇది జపాన్‌లో ఎంత ఆడిందంటే, కుర్రాళ్ళు చూసి నేరాలు నేర్చుకుంటున్నారని 1912లో అక్కడ నిషేధించారు. ఫాంటోమాస్ వీళ్ళందరి తర్వాత వచ్చి అందరినీ మరిపించాడు.

దొంగతనంలో పనితనం చూసి మురిసిపోవడం ఫ్రెంచ్ వాళ్ళ సొత్తు మాత్రం కాదు. మృచ్ఛకటికం అనే సంస్కృత నాటకంలో శర్విలకుడనే దొంగ గోడకు కన్నం ఏ ఆకారంలో వేస్తే బాగుంటుందా అని శాస్త్రం తిరగేస్తాడు. పద్మం ఆకారమా, సూర్యబింబమా, నెలవంకా, పూర్ణకుంభమా అని. తెల్లారాక ఊరివాళ్ళు చూసి మెచ్చుకోవాలట. దశకుమార చరిత్రలో దొంగతనాలు చేసే అపహారవర్మ సంగతి సరేసరి, తిక్కనకు అంకితమిస్తూ కేతన దాన్ని 13వ శతాబ్దంలోనే తెలుగులో పెట్టాడు. ఖాళీ కార్డు ఇచ్చి, పేరు తర్వాత తేలేలా చేసే ఫాంటోమాస్‌లో నాకు ఈ శర్విలకుడి పోలికే కనిపిస్తుంది. సొమ్ము దక్కితే చాలదు, ఎవడి పని ఇదో జనానికి తెలియాలి.

ఇక ఏం చూడొచ్చు అంటారా, ముందు ఫాంటోమాస్ మిగతా నాలుగు భాగాలూ చూడండి. 1914 మే నాటికి అన్నీ వచ్చేశాయి. ఐదూ కలిపి దాదాపు ఐదున్నర గంటలు. నాకు రెండోది, 'జూవ్ వర్సెస్ ఫాంటోమాస్', చాలా ఇష్టం. అందులో ఒక చోట డిటెక్టివ్ జూవ్, పత్రికా విలేఖరి ఫాందోర్ కలిసి దొంగను పట్టేసుకుంటారు. చెరో పక్కనా నిలబడి చెరో చెయ్యి గట్టిగా బిగించి పట్టుకుంటారు. ఇంకెక్కడికి పోతాడు? ఒక్క గుంజు గుంజుకుని పరిగెత్తుతాడు. వీళ్ళిద్దరూ వెర్రిమొహాలేసుకుని నిలబడతారు. చేతుల్లో అతని అంగీ, దానికి కుట్టిన రెండు బొమ్మ చేతులు! మా ఇంట్లో మా మనవడు ఆ ముక్కను వెనక్కి తిప్పించి తిప్పించి చూశాడు. ఇక్కడ కూడా కట్ లేదు గమనించండి. ఆ కపట చేతులు మొదటి నుంచీ మన కళ్ళెదుటే వేలాడుతున్నాయి.

మూడోది, 1913 నవంబరులో వచ్చిన 'చంపే శవం', కొంచెం భయంగా ఉంటుంది. మన రాకుమారి సోనియా మళ్ళీ వస్తుంది, పాపం మళ్ళీ ఆమె ముత్యాలే పోతాయి. ఈసారి దొంగ వేలిముద్రలు దొరుకుతాయి. పోలీసుల రికార్డుతో పోలిస్తే అవి ఒక చిత్రకారుడివి, కానీ అతను అప్పటికే చచ్చిపోయాడు. చచ్చినవాడు దొంగతనం ఎలా చేశాడు? ఫాంటోమాస్ ఆ శవం చేతి చర్మాన్ని ఒలిచి తొడుగులా వేసుకున్నాడు. ఒళ్ళు జలదరించే ఊహే గానీ, ఆ రోజుల్లో దీనికి ఒక పదును ఉంది. నేరస్థుల ఒంటి కొలతలు తీసి గుర్తుపట్టే బెర్తియోన్ పద్ధతి పారిస్ పోలీసుల్లో రాజ్యమేలుతున్న కాలమది. పెరుజ్జా మోనాలిసా అద్దం మీద ఎడమ బొటనవేలి ముద్ర వదిలి వెళ్ళాడు, అతను అంతకుముందు పోలీసులకు చిక్కినవాడే కూడా. బెర్తియోన్ దగ్గర వరస పెట్టి ఉన్నవి కుడి బొటనవేళ్ళ ముద్రలు! ముద్ర దొరికినా మనిషి దొరకలేదు. రెండేళ్ళ తర్వాత, 1913 డిసెంబరులో, ఫ్లోరెన్స్‌లో అమ్మబోయి తనే పట్టుబడ్డాడు. అంటే ఈ భాగం థియేటర్లలోకి వచ్చిన మరుసటి నెలలోనన్నమాట. ఇంకో మాట, వేలిముద్రల బ్యూరో ప్రపంచంలో మొట్టమొదట పెట్టింది మన కలకత్తాలో, 1897లో. దాని వెనక లెక్కలు కట్టిన అజీజుల్ హక్, హేమచంద్ర బోస్‌ల పేర్లు మన పోలీసు కథల్లో కూడా కనిపించకపోవడం నాకు ఎప్పుడూ వెలితిగానే ఉంటుంది.

తర్వాత ఫెయాడ్‌దే 'లే వాంపీర్'. 1915, 16 సంవత్సరాల్లో పది భాగాలుగా వచ్చింది. పేరు చూసి రక్తం తాగే దయ్యాలనుకోకండి, అది దొంగల ముఠా పేరు. మొదటి ప్రపంచ యుద్ధం జరుగుతున్న రోజులు. పారిస్ వీధులు బోసిపోయి ఉన్నాయి. ఆ ఖాళీ వీధులే సినిమాకు సగం భయం తెచ్చిపెట్టాయి. ముఠాలో ముఖ్యురాలు ఇర్మా వెప్, ఆ వేషం ముసిదోరాది. ఆ పేరులోని రోమన్ అక్షరాలను తారుమారు చేస్తే వాంపైర్ అని వస్తుంది. అన్నీ చూసే తీరిక లేకపోతే ఐదో భాగం ఒక్కటైనా చూడండి. గొప్పింటి జనాన్ని విందుకు పిలుస్తారు. నగలన్నీ దిగేసుకుని వస్తారు. తలుపులు మూస్తారు. పరిమళం పేరుతో మత్తు వాయువు వదులుతారు. ఆడేవాళ్ళూ పాడేవాళ్ళూ ఒకరి మీద ఒకరు పడిపోతారు. అప్పుడు నల్లటి బిగుతు దుస్తుల్లో దొంగలు నెమ్మదిగా లోపలికి వచ్చి, తోటలో మల్లెమొగ్గలు కోసుకున్నట్టు నగలు కోసుకుంటారు. ఇక్కడ కూడా కెమెరా దూరంగానే ఉంటుంది, హాలంతా పడి ఉన్న జనం కనిపించేంత దూరంగా.

ఈ గోమోన్ కంపెనీకీ మన తెలుగువాళ్ళకూ ఒక చుట్టరికం ఉంది. మచిలీపట్నం నుంచి మద్రాసు వెళ్ళి ఫొటో స్టూడియో నడిపిన రఘుపతి వెంకయ్య గారు 1910 ప్రాంతంలో కొన్న క్రోనో మెగాఫోన్ ఈ కంపెనీ యంత్రమే. గ్రామఫోన్ రికార్డును బొమ్మతో కలిపి నడిపే ఆ యంత్రానికి అప్పట్లో ముప్పై వేల రూపాయలు అయ్యాయట. దాన్ని వెంటేసుకుని ఊరూరా బొమ్మలు చూపించి, తర్వాత మద్రాసులో గెయిటీ థియేటర్ కట్టించారు. ఆయన పేరు మీది అవార్డు మనకు తెలుసు, ఆయన సినిమా బతుకు మొదలైంది ఈ ఫ్రెంచ్ యంత్రంతోనని చాలామందికి తెలియదు.

చూసేటప్పుడు ఒక్క జాగ్రత్త. నెట్‌లో దొరికే కాపీలు కొన్ని హడావుడిగా, బొమ్మలు పరిగెత్తినట్టు ఉంటాయి. సెకనుకు 16, 18 ఫ్రేములతో తీసినదాన్ని 24తో నడిపిస్తే అలాగే ఉంటుంది. గజదొంగ కాస్తా జోకర్ అయిపోతాడు. ప్లేయర్లో స్పీడు 0.75కి తగ్గించండి, 18తో తీసినదయితే సరిగ్గా సరిపోతుంది. మొదటి భాగం సరైన వేగంలో 54 నిమిషాల దాకా రావాలి, అదే గుర్తు. వీలైతే రంగులద్దిన కాపీ చూడండి. అప్పటి ప్రింట్లకు రాత్రి దృశ్యాలయితే నీలం, ఇంటి లోపలయితే పసుపు అద్దకం వేసేవారు. ఆ నీలం లేకపోతే పట్టపగలు దొంగలు దీపం పట్టుకుని నడుస్తున్నట్టు ఉంటుంది. కింద వినిపించే సంగీతం సినిమాది కాదు, తర్వాత ఎవరో చేర్చింది, నచ్చకపోతే మ్యూట్ చేసేయండి. హోటల్ ఘట్టం నేనయితే మ్యూట్‌లోనే వేస్తాను.

రెండో భాగం చివర్లో జూవ్ పోలీసులతో ఒక ఇంటిని చుట్టుముడతాడు. ఫాంటోమాస్ లోపలే ఉన్నాడు, అన్ని దారులూ మూసేశారు, అణువణువూ వెతుకుతారు, దొరకడు. ఎక్కడ దాక్కున్నాడో నేను చెప్పను. చూశాక ఇక్కడే రాయండి, అతను కనిపించకముందే మీరు కనిపెట్టారో లేదో.